నీలిపిట్ట ఇంటిపేరు

కొన్నేళ్ళ కిందట ఒక పుష్యమాసపు ఉదయం. అమ్రాబాదు పీఠభూమి మీద, మన్ననూరుకు ఎగువనున్న ఫరహాబాదు అడవిలో ఒక మర్రిచెట్టు కింద నిలబడి ఉన్నాను. మెడలో దుర్భిణి, చేతిలో పక్షుల పుస్తకం. నా వెంట ఆ అడవిలోనే పుట్టి పెరిగిన ఒక చెంచు పెద్దమనిషి ఉన్నాడు. పది నిమిషాల వ్యవధిలో ఆ చెట్టు చుట్టుపక్కలకు మూడు చిన్న పిట్టలు వచ్చాయి.

మొదటిది వీపంతా నీలం, గొంతూ రొమ్మూ నారింజ రంగు, పొట్ట తెలుపు. వెదురుపొద నీడలో కూర్చుని, లోహపు తీగను మీటినట్లు నాలుగైదు స్వరాలు పలికి మళ్ళీ మౌనం వహించింది. రెండవది మట్టిరంగు పిట్ట. మాటిమాటికీ తోకను పైకి విదిలిస్తుంటే తోక మొదట్లో ఇరువైపులా తెల్లటి మచ్చలు మెరిశాయి. మూడవది నలుపూ తెలుపూ. తెల్లటి కనుబొమతో, తోకను విసనకర్రలా విప్పి, కొమ్మ మీద ఇటూ అటూ తిరుగుతూ నాట్యం చేసింది. మూడూ గాలిలోకి ఎగిరి పురుగులను పట్టి తిన్నవే.

పుటలు తిప్పి, నా పాండిత్యం ప్రదర్శించాను. "పెద్దాయనా, పుస్తకంలో ఈ మూడింటికీ ఒకటే పేరు. ఫ్లైక్యాచర్లు. అంటే ఈగలను పట్టేవి. మూడూ ఒకే రకం."

ఆయన నా వంక జాలిగా చూశాడు. "ఒకటెట్లయితయి సారు? గది నీడ ఇడిచి రాదు. గిది నేల మీదికి గూడ దిగుతది. గా మూడోది తోక ఇప్పుకోని చిందేస్తది. ఈగలు పడితే ఒకటే అయితయా? గట్లయితే బల్లి గూడ గదే గద!"

బల్లి మాటకు నవ్వేసి ముందుకు నడిచాను గానీ, ఆ ప్రశ్న నన్ను వదలలేదు. ఇంటికి వచ్చి చదవడం మొదలుపెడితే తెలిసింది, పక్షిశాస్త్రజ్ఞులు రెండున్నర శతాబ్దాలుగా తల పట్టుకున్న ప్రశ్న సరిగ్గా అదేనని. ఆ చరిత్రను, ముఖ్యంగా ఆ నీలిపిట్ట చరిత్రను, నాకు అర్థమైన మేరకు ఇక్కడ వ్రాసుకుంటున్నాను.

*

శాస్త్రీయనామాలంటే బెదిరే మిత్రులకు ఒక్క మాట. అవి మన పేర్ల వంటివే. మనకు ఇంటిపేరు ముందు, సొంతపేరు వెనుక. జీవులకూ అంతే. మొదటి పదం ప్రజాతి, అంటే ఇంటిపేరు. రెండవది జాతి, అంటే సొంతపేరు. 1758లో స్వీడన్ దేశస్థుడు లినేయస్ జంతువులన్నింటికీ ఈ పద్ధతిని ఖాయం చేశాడు. సొంతపేరు ఒకసారి పెడితే సాధారణంగా నిలిచిపోతుంది. ఇంటిపేరు మాత్రం, ఆ జీవికి చుట్టాలెవరన్న అభిప్రాయం మారినప్పుడల్లా మారుతుంది. వర్గీకరణ అంటే మౌలికంగా ఈ చుట్టరికాల లెక్కే.

మన పిట్టల సంగతిలో తొలి ఇంటిపేర్లు 1760లో ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు బ్రిసన్ పెట్టినవి. ఒకటి మస్సికాపా. లాటిన్‌లో ఈగలను పట్టేది అని అర్థం. రెండవది ఫిసెడ్యులా. అత్తిపండ్లు తింటుందని ప్రాచీన రోమనులు భావించిన ఒక చిన్న పిట్ట పేరు అది. గమనించవలసినదేమంటే, రెండు పేర్లూ తిండిని బట్టి వచ్చినవే. అంటే వృత్తిని బట్టి ఇంటిపేరు! వెడల్పైన చిన్న ముక్కు, ముక్కు మొదట్లో మీసాల వంటి బిరుసు వెంట్రుకలు, గాలిలో పురుగును పట్టే అలవాటు ఉంటే చాలు, ఏ ఖండపు పిట్టనైనా ఆ గుంపులోకి తోసేవారు.

ఇక మన నీలిపిట్ట. 1833లో బెంగాల్ సైన్యానికి చెందిన శామ్యూల్ టికెల్ అనే అధికారి బోరాభూమ్, ధోల్‌భూమ్ అడవులలో తాను సేకరించిన పక్షుల జాబితాను కలకత్తాలో ప్రకటించాడు. ఆ కలకత్తాలోనే ఏషియాటిక్ సొసైటీ ప్రదర్శనశాలకు 1841లో ఎడ్వర్డ్ బ్లైత్ అధికారిగా వచ్చాడు. నలుమూలల నుంచి వచ్చిపడే పక్షుల చర్మాలను ముందేసుకుని పోల్చి చూడడమే ఆయన పని. 1843లో ఆయన రెండు పనులు చేశాడు. నీలిపిట్టను కొత్త జాతిగా గుర్తించి టికెల్ పేర టికెల్లియే అన్నాడు. ఇటువంటి నీలిపిట్టలకోసం సయోర్నిస్ అనే కొత్త ఇంటిపేరు సృష్టించాడు. గ్రీకు భాషలో ముదురునీలి పక్షి అని అర్థం. ఈసారి ఇంటిపేరు వృత్తిని బట్టి కాక రంగును బట్టి వచ్చింది.

ఈ ఇంట్లో అందరికీ పెద్దదిక్కుగా నిలిచిన హిమాలయపు నీలిగొంతు పిట్టను 1831లో వైగర్స్ అనే ఆయన మొదట వర్ణించినప్పుడు, దానిని రెడ్‌స్టార్ట్ అనే వేరే పక్షుల ప్రజాతిలో చేర్చాడు. మదరాసు సైన్యపు వైద్యుడు థామస్ జెర్డన్ తన తొలి రచనలలో, దక్షిణాదిన తాను చూసిన నీలిపిట్టకు జావా దీవి పిట్టకు హార్స్‌ఫీల్డ్ 1821లో పెట్టిన బన్యుమాస్ అనే పేరు తగిలించాడు. 1862లో వెలువడ్డ 'ది బర్డ్స్ ఆఫ్ ఇండియా' మొదటి సంపుటంలో అదే జెర్డన్ మన పిట్టను టికెల్ గారి నీలి రెడ్‌బ్రెస్ట్ అన్నాడు. రెడ్‌బ్రెస్ట్ అంటే ఇంగ్లండు పెరళ్ళలో తిరిగే రాబిన్. ఆయన కళ్ళకు అది ఈగలు పట్టే పిట్ట కన్నా రాబిన్ చుట్టంలా కనిపించిందన్నమాట. ఈ సంగతి కాస్త గుర్తు పెట్టుకోండి.

*

అమ్రాబాదు అడవి శాస్త్రగ్రంథాల కెక్కడానికి మరో డెబ్భై ఏళ్ళు పట్టింది. 1929–30లో ఆర్థర్ వెర్నే అనే ధనికుడి ఖర్చుతో తూర్పు కనుమల పక్షుల సర్వే జరిగింది. కృష్ణకు దక్షిణాన, కర్నూలు వైపు నల్లమలలో లాపెర్సన్ అనే సేకర్త పక్షులను సేకరించాడు. నదికి ఉత్తరపు ఒడ్డు నిజాం రాజ్యం. అక్కడ సర్వే చేయడానికి ముందుకు వచ్చినవాడు సలీం అలీ.

అప్పటికి ఆయన బెర్లిన్‌లో స్ట్రెసెమాన్ వద్ద చదువుకుని వచ్చి, ఉద్యోగం లేక ఉన్నాడు. జీతం అక్కరలేదు, శిబిరాలకూ ప్రయాణాలకూ అయ్యే ఖర్చు భరిస్తే చాలు, సంస్థానాలలోని పక్షులన్నింటినీ లెక్కిస్తానని బొంబాయి నాచురల్ హిస్టరీ సొసైటీ ద్వారా ప్రతిపాదించాడు. అలా జరిగిన సర్వేలలో మొదటిది హైదరాబాదు సంస్థానానిది, 1931–32లో. భార్య తెహ్మినా శిబిరాలలో వెంట ఉండేది. మన్ననూరు, ఫరహాబాదు అప్పటి మహబూబ్‌నగర్ జిల్లాలోవి. 2016లో జిల్లాలను విభజించాక నాగర్‌కర్నూలు జిల్లాలోకి వచ్చాయి. నల్లగొండ జిల్లాలోని దేవరకొండ వైపు అడవులతో కలిపి ఇప్పుడు దాన్ని అమ్రాబాదు పులుల అభయారణ్యం అంటున్నాం.

సలీం అలీ సేకరించిన పక్షులను ఇంగ్లండులో ఉన్న హ్యూ విస్లర్ పరిశీలించాడు. పంజాబులో పోలీసు అధికారిగా పనిచేసి వెళ్ళిన పక్షిప్రేమికుడాయన. కృష్ణకు ఆవలి ఒడ్డున లాపెర్సన్ సేకరణలను వివరించే పనీ ఆయనదే. నదికి రెండు వైపుల పక్షులూ ఒకే మనిషి బల్ల మీదికి చేరడం మన అదృష్టం. హైదరాబాదు సర్వే ఫలితాలు విస్లర్ వ్యాఖ్యలతో సహా 1933–34లో సొసైటీ పత్రికలో భాగాలుగా అచ్చయ్యాయి. పాలమూరు, నల్లగొండ మెట్టప్రాంతాలతో కూడిన ఒక విశాలభూభాగంలో ఒకనాడు ఏయే పక్షులు ఉండేవో చెప్పే తొలి క్రమబద్ధమైన పట్టిక అదే. ఈనాటి అడవిని దేనితో పోల్చాలన్న ప్రశ్నకు మనకున్న సమాధానం కూడా అదే.

ఇంటిపేరు చిక్కు తెచ్చిపెట్టేది సరిగ్గా ఇక్కడే.

*

ఇరవయ్యో శతాబ్దపు మధ్యకాలపు పుస్తకాలు కొన్నింటిలో నీలిపిట్ట ఇంటిపేరు మస్సికాపులా అయింది. 1951లో మేయర్, అమడాన్ అనే ఇద్దరు శాస్త్రజ్ఞులు ఈగపట్టులనూ, థ్రష్‌లనూ, వార్బ్లర్లనూ కలిపి ఒకే మహాకుటుంబం చేశారు. 1953లో న్యూయార్కులోని అమెరికన్ మ్యూజియంలో చార్లెస్ వౌరీ ఈ పిట్టల ప్రజాతులన్నింటినీ తిరగదోడాడు. ఈయన వృత్తిరీత్యా దంతవైద్యుడు! చిన్నచిన్న తేడాలకు కొత్త ఇంటిపేర్లెందుకని చాలా ప్రజాతులను కలిపివేసి, సయోర్నిస్‌ను నిల్టావా అనే ఇంట్లో చేర్చాడు. 1961లో డిల్లన్ రిప్లీ తన భారత పక్షుల పట్టికలో ఇంకో అడుగు ముందుకేసి, నీలిపిట్టలనూ నిల్టావాలనూ ఫిసెడ్యులాలనూ అన్నింటినీ మస్సికాపాలో కలిపేశాడు. సలీం అలీ, రిప్లీ కలిసి వ్రాసిన పది సంపుటాల 'హ్యాండ్‌బుక్' ఆ పట్టికనే అనుసరించింది. అందుకే 1972లో వచ్చిన ఏడవ సంపుటంలో మన పిట్ట మస్సికాపా టికెల్లియే.

ఒకే పిట్ట, ఒకే వెదురుపొద. అది పాట మార్చలేదు, గూడు మార్చలేదు. కాగితం మీద మాత్రం ఇల్లు మారుతూనే ఉంది. ఇందులో విచిత్రమేమంటే, మస్సికాపా అనే ఇంటిపేరు ఇప్పటికీ ఉంది గాని, అందులో నీలిపిట్ట లేదు. వేరే మట్టిరంగు పిట్టలున్నాయి. పాత పట్టికను కొత్త పట్టిక పక్కన పెట్టి చదివే విద్యార్థి తెలియక పొరబడితే, ఉన్న పక్షి మాయమైందనీ, లేని పక్షి వచ్చిందనీ వ్రాయగలడు. భూమి రికార్డులలో పాత సర్వే నెంబరుకూ కొత్త సర్వే నెంబరుకూ పొంతన కుదరక తాతల పొలం పోగొట్టుకున్నవారిని మన జిల్లాలలో చూడలేదా? ఇదీ అటువంటిదే. వర్గీకరణ చరిత్ర తెలిసి ఉండడం పండితుల విలాసం కాదు. అడవి ఏం పోగొట్టుకుందో లెక్క చెప్పడానికి కావలసిన దస్తావేజు.

*

చిక్కుముడి విప్పడానికి చివరకు డి.ఎన్.ఏ. రావలసి వచ్చింది. 1970, 80 దశకాలలో సిబ్లీ, ఆల్‌క్విస్ట్ అనే అమెరికన్లు ఒక ఉపాయం పన్నారు. రెండు పక్షుల డి.ఎన్.ఏ. పోగులను విడదీసి, ఒకదాని పోగును మరొకదానితో జత కట్టించి, వేడి చేశారు. దగ్గరి చుట్టాలైతే ఆ జత విడిపోవడానికి ఎక్కువ వేడి కావాలి. దూరపువారైతే తొందరగా విడిపోతుంది. ఈ పద్ధతిలో తోకపిట్టగా మనమెరిగిన ప్యారడైజ్ ఫ్లైక్యాచరూ, విసనకర్ర తోక పిట్టా అసలు ఈగపట్టుల కుటుంబమే కాదని, అవి కాకుల శాఖకు దగ్గరివని తేలింది. నిజానికి ఒక ఆధారం అంతకు ముందూ కళ్ళెదుటే ఉంది. అసలైన ఈగపట్టుల పిల్లలకు ఒంటినిండా చుక్కలుంటాయి. ఈ రెండింటి పిల్లలకు ఆ చుక్కలుండవు. 1990లో సిబ్లీ, మన్రో ప్రకటించిన ప్రపంచ పక్షుల పట్టికలో మన నీలిపిట్ట మళ్ళీ సయోర్నిస్ అయింది. బ్లైత్ పెట్టిన పేరు దాదాపు నూటయాభై ఏళ్ళకు ఇల్లు చేరింది.

ఆ తర్వాత జన్యువులలోని అక్షరక్రమాన్ని నేరుగా చదవగలిగారు. 2010లో సాంగ్‌స్టర్ బృందమూ, జుకోన్, ఎరిక్సన్‌లూ వేర్వేరుగా చేసిన పరిశోధనలు ఈ కుటుంబాన్నంతా తలకిందులు చేశాయి. ఈగపట్టులు ఒక వైపు, రాబిన్‌ల వంటి నేల పిట్టలు మరో వైపు అన్న పాత విభజన నిలవలేదు. నీలిపిట్టలూ, నిల్టావాలూ, మరికొన్నీ కలిసి ఒక ప్రత్యేక శాఖ. సయోర్నిస్‌లో నేడు సుమారు ముప్ఫై జాతులున్నాయి. తోక విదిలించే మట్టిరంగు పిట్ట ఫిసెడ్యులా. చలికాలానికి ఎంతో దూరం నుంచి మన మెట్టలకు వచ్చే అతిథి. అది రెడ్‌స్టార్ట్‌ల శాఖలోకి వెళ్ళింది. అంటే ఈగలు పట్టడమనే విద్యను వేర్వేరు వంశాలు వేర్వేరుగా నేర్చుకున్నాయి.

2017లో మరొక ముచ్చట. పశ్చిమ కనుమల కొండశిఖరాలలో నేల మీద తిరిగే ఒక పిట్టల జంటను జెర్డన్ కాలం నుంచి ఏ గుంపులో పెట్టాలో తెలియక రకరకాల ఇళ్ళలో తిప్పారు. రాబిన్ అనే భారతీయ శాస్త్రజ్ఞుడి బృందం వాటికి షోలికోలా అని కొత్త ఇంటిపేరు పెట్టి, అవి నీలిపిట్టల శాఖకు దగ్గరివని చూపింది. చూడడానికి రాబిన్‌లలా ఉండే ఈగపట్టు చుట్టాలు! నీలిపిట్టను రెడ్‌బ్రెస్ట్ అన్న జెర్డన్‌ను చూసి మనం తొందరపడి నవ్వకూడదు.

*

జెర్డన్ మాట వచ్చింది గనుక మన భాష సంగతి చెప్పుకోవాలి. ఆయన నెల్లూరులో సివిల్ సర్జన్‌గా పనిచేశాడు. తన పుస్తకంలో వీలైన చోటల్లా తెలుగు పేర్లు నమోదు చేశాడు. విసనకర్ర తోక పిట్టకు ఆయన విన్న పేరు దాసరిపిట్ట. చిందు వేస్తూ పాడుతూ తిరిగేది గనుక దాసరి అన్నారేమో! ప్యారడైజ్ ఫ్లైక్యాచర్‌కు తోక పిగిలిపిట్ట. పిగిలిపిట్ట అంటే బుల్‌బుల్. తల మీది కుచ్చును చూసి పెట్టినట్లున్నారు. వంశం లెక్కన చూస్తే ఇది పొరపాటే. బుల్‌బుల్‌కూ దానికీ దగ్గరి చుట్టరికం లేదు. ఊరివాళ్ళ పేర్లన్నీ శాస్త్రసమ్మతాలని నేను వాదించబోవడం లేదు.

కాని ఇది చూడండి. నల్లగొండ గుట్టల రాళ్ళ మధ్య, ఇళ్ళ ప్రహరీల మీద నల్లగా మెరుస్తూ, తోక పైకెత్తి కింది ఎరుపు చూపించే పిట్ట ఒకటుంది. ఇంగ్లీషులో ఇండియన్ రాబిన్. జెర్డన్ రాసిన తెలుగు పేరు నలంచి. తోటలలో తెల్లవారుజామున పాడే నలుపుతెలుపు మాగ్‌పై రాబిన్‌కు ఆయన రాసినది పెద్ద నలంచి. ఆంగ్లలిపిలో వ్రాశాడు గనుక నలంచియో, నల్లంచియో అక్షరం సరిచూసుకోవాలి. లినేయస్ ఈ రెండింటిలో ఒకదాన్ని జిట్టంగిలో, మరొకదాన్ని గోరువంకల ఇంట్లో పెట్టాడు. ఆ తర్వాతి శాస్త్రజ్ఞులు కూడా చాలాకాలం రెండింటికీ వేర్వేరు ప్రజాతులే ఇచ్చారు. 2010 నాటి జన్యుపరిశోధనల తర్వాత రెండూ కాప్సైకస్ అనే ఒకే ప్రజాతికి చేరాయి. పైగా అవి మస్సికాపా శాఖలోవే, అంటే అసలైన ఈగపట్టులకు దగ్గరి బంధువులు. నలంచి, పెద్ద నలంచి! ఒకే ఇంటిపేరుతో పిలిచిన మన పూర్వులు ప్రయోగశాల అక్కర లేకుండానే సరైన గుమ్మం ముందు నిలిచారు.

నా బాధల్లా ఇదీ. నేను నల్లగొండ జిల్లాలో పెరిగాను. ఇంటి ప్రహరీ మీద ఆ నల్లపిట్ట రోజూ కూర్చునేది. దానికి పేరుందని నాకు తెలియదు. అందరికీ అది ఉత్త పిట్ట. మా నాయనమ్మకు తెలిసే ఉంటుంది. ఆమె చేతి వేళ్ళతో లెక్కపెట్టి ఏ చేనులో ఏ పురుగు ఎప్పుడు వస్తుందో చెప్పగలిగేది. ఆమెను నేనెన్నడూ అడగలేదు. ఇప్పుడు ఆ పేరు తెలుసుకోవడానికి నూటయాభై ఏళ్ళ కిందట ఒక దొర ఆంగ్లలిపిలో వ్రాసుకున్నదాన్ని కూడబలుక్కోవలసి వచ్చింది.

కొత్తగా తెలుగులో పక్షుల మీద వ్రాసేవారు ఫ్లైక్యాచర్ అని కనిపించిన ప్రతిచోటా ఈగపట్టు అని అనువదించుకుంటూ పోతే, ఆంగ్లేయుల పాత పొరపాటును మనం కొత్తగా మన భాషలోకి దత్తత తీసుకున్నట్లవుతుంది. నేనూ ఈ వ్యాసంలో ఆ మాటను వాడక తప్పలేదు. దాసరిపిట్టను ఈగపట్టు అనడం కన్నా దాసరిపిట్ట అనడమే శాస్త్రానికీ మర్యాద, భాషకూ మర్యాద. పేరు దొరకని చోట కొత్తది కల్పిద్దాం, తప్పులేదు. ముందు ఉన్నదేమో వెతుకుదాం.

ఆ ఉదయం మర్రిచెట్టు కింద కనిపించిన మూడు పిట్టలలో ఒకటి సయోర్నిస్, ఒకటి ఫిసెడ్యులా, ఒకటి అసలు ఆ కుటుంబమే కాదు. మూడూ మూడు వంశాలు. "ఒకటెట్లయితయి సారు?" అన్న ప్రశ్నకు సమాధానం చెప్పడానికి లోకానికి రెండువందల యాభై ఏళ్ళు పట్టింది. నేను ఆయనకు మూడు పిట్టల ఇంగ్లీషు పేర్లు చెప్పి వచ్చాను గాని, ఆయన వాటిని ఏమని పిలుస్తాడో అడగడం మరిచాను. ఈసారి వెళ్ళినప్పుడు పుస్తకం సంచిలోనే ఉంచి, ముందు ఆ మాట అడుగుతాను.

మీ ఇంట్లో పెద్దవాళ్ళున్నారా? పెరట్లో వాలే నల్లపిట్టను చూపించి ఒక్కసారి అడిగి చూడండి. వాళ్ళేమన్నారో, ఏ ఊరి మాటో వ్రాసి పెట్టుకోండి.